మూడో మెష్చాన్‌స్కయా వీధిలో లుద్మిలా

1927లో మాస్కోలో విడుదలైన 'మూడో మెష్చాన్‌స్కయా వీధి' అనే మూకీ చిత్రం ప్రస్తావన ఎక్కడ వచ్చినా ముందుగా వినిపించేది ముగ్గురి కాపురం సంగతే. ఒకే గది, అందులో ఒక స్త్రీ, ఆమె భర్త, భర్త స్నేహితుడు. బయటి దేశాలలో ఆ చిత్రానికి 'బెడ్ అండ్ సోఫా' అని పేరు పెట్టి, చూడబోయేవారి దృష్టిని మొదటే మంచం మీదికీ సోఫా మీదికీ తిప్పారు. మెచ్చుకున్నవారూ తిట్టినవారూ కూడా సాహసమంతా అక్కడే ఉందనుకున్నారు. నేను ఆ మాట ఒప్పుకోను. లుద్మిలా ఇద్దరు మగవాళ్లతో ఒకే గదిలో ఉన్నంత కాలం ఏ కట్టుబాటునూ దాటలేదని, ఆమె చేసిన అసలు ధిక్కారం చివర్లో పెట్టె సర్దుకుని ఇద్దరినీ వదిలి వెళ్లిపోవడమేనని, దర్శకుడు అబ్రామ్ రూమ్, అతనితో కలిసి కథ రాసిన విక్తర్ ష్క్‌లోవ్‌స్కీ ఈ తేడాను స్పష్టంగా ఎరిగే చిత్రాన్ని మలిచారని నా వాదన.

కథ మాస్కో ఇళ్ల కరువులోంచి పుట్టింది. విప్లవం, అంతర్యుద్ధం ముగిశాక పల్లెల నుంచి, చిన్న పట్టణాల నుంచి జనం రాజధానికి తరలివచ్చారు. 1926 జనాభా లెక్కల నాటికి నగర జనాభా 20 లక్షలు దాటింది. దానికి తగ్గట్టు ఇళ్లు లేవు. ఉన్న భవనాలనే గదులుగా పంచుకుని, కుటుంబానికొక గది దొరికితే అదే భాగ్యమనుకునే రోజులవి. వొలోద్యా అనే అచ్చు కార్మికుడు పని వెతుక్కుంటూ రైలెక్కి మాస్కో వస్తాడు. పని దొరుకుతుంది, తల దాచుకునే చోటు దొరకదు. అంతర్యుద్ధంలో అతనితో కలిసి పోరాడిన కోల్యా అనుకోకుండా ఎదురుపడి, మా గదిలో సోఫా ఖాళీగా ఉంది పదమని వెంటబెట్టుకుపోతాడు. ఒకే బిడ్డను చూసుకోవడానికి ఇద్దరు యువకులు, ఇద్దరూ తండ్రులమే అంటూ, ప్రసూతి ఆసుపత్రికి వచ్చారన్న పత్రికావార్త ఈ కథకు బీజమని చెబుతారు. ఆ వార్త విన్నవాళ్లు నవ్వుకునో ముక్కున వేలేసుకునో ఊరుకుని ఉంటారు. ష్క్‌లోవ్‌స్కీ, రూమ్‌లకు మాత్రం ఆ బిడ్డను కన్న మనిషి ఏమనుకుందోనన్న ప్రశ్న తోచింది. చిత్రం గొప్పతనం అక్కడే మొదలైంది.

కోల్యా స్నేహితుణ్ణి ఇంటికి తెచ్చే ఘట్టాన్ని నేను ఎన్నిసార్లు చూసినా మనసు చివుక్కుమంటుంది. అతను దుర్మార్గుడు కాడు. నవ్వుముఖం, పుష్టిగల శరీరం, పెళ్లాంతో సరసం, పిల్లితో ఆట, స్నేహితుడంటే ప్రాణం. అయితే ఉన్న ఒక్క గదిలోకి పరాయి మగవాణ్ణి తెచ్చి పడుకోబెట్టేముందు ఆ గదిలో పగలంతా గడిపే మనిషిని ఒక్క మాట అడగాలన్న ఊహే అతనికి రాదు. మన ఇళ్లలో ఇది ఎవరికి తెలియదు? 'మనవాడేనే, నాలుగు రోజులుంటాడు' అని గుమ్మంలోంచే చెప్పే మాట, ఆ మాట వినగానే ఎసట్లో పడే ఇంకో గ్లాసు బియ్యం, వచ్చినవాడు పడుకున్నాక ముగిసే అంట్ల పని, మర్నాడు అందరికంటే ముందు లేవడం. ఇంటాయన మంచితనమంతా వచ్చిన అతిథికి చెల్లుతుంది, ఆ మంచితనానికయ్యే ఖర్చంతా ఇల్లాలి ఒంటి మీద పడుతుంది. రూమ్ ఈ సంగతిని ఒక్క వాక్యంలోనూ చెప్పడు. లుద్మిలా ముఖం మీద ముసురుకున్న చిరాకునూ, ఆ చిరాకును గమనించని ఇద్దరు మగవాళ్ల సంబరాన్నీ ఒకే గదిలో పక్కపక్కన ఉంచి చూపిస్తాడు.

మాట లేకపోవడం ఈ చిత్రానికి లోటు కాలేదు. మాట్లాడే చిత్రమై ఉంటే లుద్మిలా తన బాధను ఎవరితోనో చెప్పుకోవలసి వచ్చేది, మనం ఆ చెప్పుకోవడాన్ని బట్టి ఆమెపై తీర్పు ఇచ్చేవాళ్లం. ఇక్కడ ఆమెకు చెప్పుకునే మనిషి లేదన్న సంగతే మనకు తెలుస్తుంది. గది నిండా సామాను. అల్మరా, పింగాణీ బొమ్మలు, గోడ మీద క్యాలెండరు, టీకి నీళ్లు కాచే సమోవారు, పిల్లి, మంచం, సోఫా. సెర్గేయ్ యుత్కేవిచ్, వసీలీ రహాల్స్ కలిసి రూపొందించిన ఆ గదిలో మనిషి నాలుగడుగులు సూటిగా వేయడానికి చోటుండదు. ఒకదాన్ని జరిపితే గాని ఇంకొకటి తీయడానికి వీలుపడదు. ఆ ఇరుకులో రోజంతా మసిలే శరీరం ఎలా బరువెక్కుతుందో, ఎలా నిద్రమత్తులో ఉన్నట్టు కదులుతుందో లుద్మిలా పాత్ర వేసిన లుద్మిలా సెమ్యోనవా నటనలో చూడాలి. ఆమె చాలాసేపు ఏమీ చేయదు. సోమరితనమని విమర్శించినవారున్నారు. అది సోమరితనం కాదు, చేసిన పని మర్నాటికి మళ్లీ మొదటికి వచ్చే ఇంట్లో మనిషికి పట్టే నిస్సత్తువ.

ఎత్తుపల్లాలను రూమ్ వాడుకున్న తీరు మరింత పదునైనది. ఆ గది సగం నేల కిందికి దిగి ఉంటుంది. కిటికీలోంచి లుద్మిలాకు కనిపించేది వీధిలో నడిచిపోయేవాళ్ల కాళ్లు. కోల్యా ఉద్యోగమేమో బొల్షోయ్ థియేటరు మరమ్మతు పనుల్లో. ఆ భవనం నెత్తిన నాలుగు గుర్రాలు పూన్చిన అపోలో రథం పక్కన కూర్చుని, మాస్కోనంతా కాళ్ల కింద పరచుకుని మధ్యాహ్నం తిండి తింటాడు. భర్త రోజూ నగరాన్ని పైనుంచి చూస్తాడు, భార్య రోజూ నగరం చెప్పులను చూస్తుంది. ఒకే ఇంటివాళ్లిద్దరూ ఒకే ఊళ్లో లేరనడానికి ఇంతకంటే ఏం కావాలి?

అందుకే వొలోద్యా ఆమెకు ఇచ్చినదాన్ని నేను తేలికగా తీసేయను. కోల్యా పని మీద ఊరు వెళ్లినప్పుడు వొలోద్యా రేడియో తెస్తాడు, పత్రిక తెస్తాడు, ఇంటిపనిలో చెయ్యేస్తాడు, ఆమెను బయటికి తీసుకువెళ్లి విమానం ఎక్కిస్తాడు. ఆ విమానంలోంచి లుద్మిలా మొదటిసారి మాస్కోను పైనుంచి చూస్తుంది. సెమ్యోనవా ముఖం అప్పుడు విచ్చుకునే తీరు చూస్తే ఆమె వొలోద్యాను ప్రేమించిందా, ఆ ఎత్తును ప్రేమించిందా అన్న అనుమానం వస్తుంది. రెండోదే నిజమని నా నమ్మకం. కాపురంలో నలిగిన స్త్రీ పరపురుషుణ్ణి కోరిందంటే లోకం వెంటనే ఒంటి కోరిక దగ్గర ఆగిపోతుంది. ఆ మనిషి తనతో పాటు ఏ తలుపు తెరిచాడో చూడదు. ఆ రాత్రి పేకముక్కలతో జోస్యం చెబుతూ వొలోద్యా జాకీని రాణి మీద పెట్టే ఘట్టం చాలా ప్రసిద్ధం గాని, నాకు దానికంటే ఆ పగటి విమానయానమే ముఖ్యమనిపిస్తుంది.

కోల్యా తిరిగి వస్తాడు, సంగతి తెలుస్తుంది, కోపంతో ఇల్లు విడిచి పోతాడు. పోయి ఎక్కడ పడుకోవాలి? ఇళ్ల కరువు అతనికీ ఒక్కటే. పనిచేసే చోటే రాత్రులు గడిపి, సామాను కోసం వానలో తడుస్తూ వచ్చిన మాజీ భర్తను చూసి జాలిపడి, ఉండమని చెప్పేది లుద్మిలాయే. ఇప్పుడు మంచం వొలోద్యాది, సోఫా కోల్యాది. ఇక్కడి నుంచి చిత్రం ముగ్గురి ప్రేమ గురించి చెబుతుందనుకునేవారు ఆ తరువాతి ఘట్టాలు మళ్లీ ఒకసారి చూడాలి. మగవాళ్లిద్దరూ పాత స్నేహంలోకి జారిపోయి డ్రాఫ్ట్స్ అనే పావుల ఆట బల్ల ముందు కూర్చుంటారు. వాళ్ల మధ్య పగ లేదు, అసూయ పెద్దగా లేదు. టీ కావాలి, అది లుద్మిలా తెస్తుంది. ఒకనాడు ఆమెకు లోకం చూపించిన వొలోద్యాయే మంచం తన వంతుకు వచ్చాక కోల్యా కంటే కటువైన మొగుడవుతాడు. వ్యక్తి మారినా మొగుడి స్థానం మారలేదు, ఆ స్థానంలో ఎవరు కూర్చున్నా అదే గొంతు వస్తుంది. ఆమె ఇద్దరితో ఉందని లోకం నోరు నొక్కుకుంది గాని, ఆ గదిలో జరిగిందల్లా ఒక్కరికి చేసే చాకిరీ ఇద్దరికి చేయడం. దీన్ని స్వేచ్ఛ అనేవాళ్లు ఒక్క రోజు ఆ టీ కప్పులు కడిగితే చాలు.

ఈ చిత్రం పుట్టిన దేశంలో అప్పటికి చట్టం ఎంత దూరం వచ్చిందో గుర్తు చేసుకుంటే నా మాట ఇంకా బలపడుతుంది. 1918 నాటి కుటుంబ చట్టంతో వివాహం చర్చి చేతిలోంచి తప్పి పౌర వ్యవహారమైంది, విడాకులు సులభమయ్యాయి. 1920లో ఆసుపత్రిలో వైద్యుల చేత గర్భస్రావం చేయించుకోవడానికి అనుమతి వచ్చింది. 1927 జనవరి 1 నుంచి అమలైన కొత్త చట్టం నమోదు కాని కాపురాన్ని కూడా గుర్తించి, ఒక పక్షం కోరితే చాలు విడాకులు దొరికేలా చేసింది. అంటే లుద్మిలా ముందు చట్టమనే గోడ లేదు. దాదాపు అదే కాలంలో చలం 'మైదానం'లో ప్లీడరు భర్త ఇల్లు విడిచిపోయిన రాజేశ్వరికి ఈ హక్కులలో ఒక్కటీ లేదు. హిందూ స్త్రీకి విడాకుల హక్కు మద్రాసు రాష్ట్రంలో 1949లో, దేశమంతటా 1955లో గాని రాలేదు. రాజేశ్వరి బద్దలు కొట్టవలసిన తలుపు లుద్మిలాకు తెరిచే ఉంది. అయినా ఆమె ఆ గదిలోంచి బయటపడటానికి చిత్రమంతా పట్టింది. ఎందుకంటే ఆమెను పట్టి ఉంచింది చట్టం కాదు, సమోవారు. చట్టం మారిన మర్నాడు కూడా టీ ఎవరు పెట్టాలన్న ప్రశ్నకు పాత జవాబే ఉంటుంది. విప్లవంలో పోరాడి వచ్చిన ఇద్దరు కార్మికులు, అన్యాయాన్ని ఎదిరించడం తెలిసినవాళ్లు, ఆ ప్రశ్నను ప్రశ్నగానే గుర్తించలేదు. గోర్కీ 'అమ్మ' చదివి పెరిగిన తెలుగువారికి ఇందులో ఇంకొక పోటు కూడా ఉంది. కోల్యాగా నటించిన నికొలాయ్ బతాలవ్ అంతకు ముందు ఏడాదే, 1926లో, పుదోవ్‌కిన్ తీసిన 'అమ్మ'లో విప్లవకారుడైన కొడుకు పావెల్ వేషం వేశాడు. విప్లవానికి ప్రతీకైన ఆ ముఖమే ఇక్కడ సోఫా మీద పడుకుని టీ అడుగుతుంది.

లుద్మిలా గర్భవతి అవుతుంది. బిడ్డ ఎవరిదో తెలియదు గనుక తీయించేయాలని మగవాళ్లు తేలుస్తారు. ఆమెను ఒక ప్రైవేటు ఆసుపత్రికి పంపుతారు. అక్కడ వరుసలో కూర్చున్న స్త్రీల మధ్య తన వంతు కోసం ఎదురుచూస్తూ, కిటికీలోంచి బయట ఉన్న పసిబిడ్డను చూసి, లేచి వెళ్లిపోతుంది. ఈ ఘట్టం మీద ఉన్న అభ్యంతరం చిన్నది కాదు, దాన్ని దాటవేసి చిత్రాన్ని పొగడటం నిజాయితీ కాదు. స్త్రీ విముక్తి చివరికి మాతృత్వంలోనే దొరుకుతుందని ఈ చిత్రం చెబుతోందని, గర్భస్రావం వద్దన్న ప్రచారానికి అది తోడ్పడుతోందని స్త్రీవాద విమర్శకులు అన్నారు. 1920 నాటి ఉత్తర్వు కూడా గర్భస్రావాన్ని హక్కుగా గాక, తప్పనిసరిగా ఓర్చుకోవలసిన కీడుగానే చూసింది. 1936లో స్టాలిన్ ప్రభుత్వం దాన్ని నిషేధించనే నిషేధించింది. ఆ చరిత్ర తెలిసి చూసినప్పుడు కిటికీ అవతలి పసిబిడ్డ ముఖం నాకూ కొంత ఇబ్బంది కలిగిస్తుంది. లుద్మిలా వెళ్లిపోవడానికి ఆమె కోసం ఆమె వెళ్లిపోవడం చాలదా, ఒక బిడ్డ సాకు కావాలా అనిపిస్తుంది. బిడ్డ వద్దనుకుని, వద్దనుకున్న పని ముగించుకుని, ఆ తరువాత పెట్టె సర్దుకున్న లుద్మిలాను చూపే ధైర్యం ఈ చిత్రానికి లేదు.

అయినా ఆ అభ్యంతరం ఘట్టాన్ని పూర్తిగా కొట్టివేయలేదు. ఆసుపత్రి దాకా ఆమె తన కాళ్లతో వచ్చినా, నిర్ణయం ఆమెది కాదు. కోల్యా, వొలోద్యాలు బిడ్డను వద్దనుకున్నది ఆమె ఆరోగ్యాన్ని తలచి కాదు, ఆమె భవిష్యత్తును తలచీ కాదు. తండ్రి ఎవరో తేలని బిడ్డ తమ స్నేహానికి, తమ ఏర్పాటుకు అడ్డం గనుక. గర్భం ఉంచుకొమ్మని బలవంతపెట్టేవాడూ తీయించుకొమ్మని బలవంతపెట్టేవాడూ ఒకే పీట మీద కూర్చుంటారు, ఇద్దరూ ఆ ఒళ్లు తమ అధీనంలో ఉందనే అనుకుంటారు. ఆ పీట మీద ఉన్నవాళ్లకు లుద్మిలా చెప్పిన మొదటి 'కాదు' అది. చిత్రమంతటిలో అంతకుముందు ఆమె తనకు తానుగా తేల్చుకున్నదేదీ లేదు. వొలోద్యా రావడం, కోల్యా పోవడం, మంచం, సోఫా అన్నీ ఇతరుల అవసరాల వెంట జరిగాయి. కోల్యాను మళ్లీ లోపలికి పిలిచిందే ఆమె సొంత మాటగా కనిపిస్తుంది, అదీ జాలి. ఆసుపత్రి నుంచి లేవడంతో ఆ వరుస తెగింది.

ఆ తరువాత అంతా త్వరగా జరుగుతుంది. గదికి వచ్చి బట్టలు సర్దుకుంటుంది. గోడ మీద చట్రంలో ఉన్న తన ఫోటోను తీసుకుని, ఖాళీ చట్రాన్ని అక్కడే వదిలేస్తుంది. ఆ వీధికి తిరిగి రానని చీటీ రాసి పెడుతుంది. ఏడుపు లేదు, శాపనార్థాలు లేవు. ఈ ముగింపు విలువ తెలియాలంటే ఆ కాలపు ఇతర చిత్రాలలో కట్టుబాటు దాటిన స్త్రీలకు ఏమయిందో గుర్తు చేసుకోవాలి. 1929లో జర్మనీలో పాబ్స్ట్ తీసిన 'పండోరాస్ బాక్స్'లో లూలూ లండన్‌లో హంతకుడి కత్తికి బలి అవుతుంది. 1934లో షాంఘైలో వు యోంగాంగ్ తీసిన 'దేవత'లో కొడుకును చదివించుకోవడానికి ఒళ్లమ్ముకున్న తల్లికి 12 ఏళ్ల జైలు పడుతుంది. అవి రెండూ గొప్ప చిత్రాలే, ఆ స్త్రీల పట్ల కరుణ నిండినవే. కాని కరుణ చూపడానికి కూడా వాళ్లను ముందు శిక్షించాలి అన్నట్టుంటుంది. లుద్మిలాకు శిక్ష లేదు. గాలికి జుట్టు చెదురుతుండగా రైలు కిటికీలోంచి బయటికి చూస్తూ వెళుతుంది. చిత్రం మొదట్లో రైలెక్కి నగరానికి వచ్చినవాడు వొలోద్యా. చివర్లో రైలెక్కి నగరం విడిచినది ఆమె. పని కోసం, బతుకు కోసం ఊరు మారడం మగవాడి హక్కుగా మొదలైన కథ, ఆ హక్కును ఆమె చేతికి వచ్చేదాకా తీసుకువెళ్లింది.

మగవాళ్ల సంగతీ చెప్పాలి. చీటీ చదువుకుని కాసేపు తమను తాము నిందించుకుంటారు. ఆ తరువాత ఒకరు మంచం మీద, ఒకరు సోఫా మీద సర్దుకుని టీ సంగతి ఎత్తుకుంటారు. ఇది చూసి నవ్వేవారున్నారు, నాకు నవ్వు రాదు. వాళ్ల పశ్చాత్తాపం అబద్ధం కాదు, దాని ఆయుష్షు అంతే. వొలోద్యాగా వేసిన వ్లదీమిర్ ఫోగెల్ నటనలో ఆ మెత్తదనం, ఆ స్వార్థం విడదీయరానంతగా కలిసిపోయి ఉంటాయి. రెండేళ్లకే, 1929లో, అతను ఆత్మహత్య చేసుకున్నాడని తెలిశాక ఆ ముఖాన్ని చూడటం కష్టమవుతుంది.

విడుదలైనప్పుడు సోవియట్ విమర్శకులు ఈ చిత్రాన్ని గట్టిగా దులిపారు. కార్మికుల బతుకును పడకగదికి కుదించారని, సమష్టి జీవితం ఎక్కడా కనిపించలేదని అన్నారు. ఆ విమర్శలో సగం తప్పు, సగం ఒప్పు. ఇల్లు కూడా సమాజమేనని, అక్కడి శ్రమ కూడా శ్రమేనని వాళ్లకు అర్థం కాలేదు, అది తప్పు. ఒప్పు సంగతి వేరే చోట ఉంది, దాన్ని వాళ్లూ సరిగా పట్టుకోలేదు.

మన వాళ్లకు ఈ కథ చెబితే మొదట వచ్చే ప్రశ్న 'మరి ఆ పిల్ల ఎక్కడికి వెళుతుంది, ఏం తింటుంది?' అన్నదే. అడిగేవాళ్లు చాలామంది ప్రేమతోనే అడుగుతారు. ఆ ప్రశ్న అక్కడా సమంజసమే, ఆ రోజులలో సోవియట్ నగరాలలో నిరుద్యోగం ఎక్కువ, అందులో స్త్రీల నిరుద్యోగం ఇంకా ఎక్కువ. చిత్రం దానికి జవాబివ్వదు, ఇవ్వనందుకు నేను తప్పుపట్టను. తెలియని చోటికి వెళ్లే హక్కు వొలోద్యాకు ఉన్నప్పుడు, అతన్ని మనం ఏం తింటావని అడగనప్పుడు, ఆమెనే ఎందుకు అడగాలి? నేను తప్పుపట్టేది ఇంకొకదాన్ని. 1919 నుంచి 1930 దాకా ఆ దేశంలో కమ్యూనిస్టు పార్టీ మహిళా విభాగం పనిచేసింది. కార్మిక స్త్రీలను కూడగట్టి, చదువు చెప్పించి, ఉమ్మడి వంటశాలలు, శిశుసంరక్షణ కేంద్రాలు కావాలని కొట్లాడినవాళ్లు మాస్కోలోనే వందలుగా ఉన్నారు. లుద్మిలాకు వాళ్లలో ఒక్కరూ ఎదురుకారు. ఆమెకు పక్కింటి స్నేహితురాలు లేదు, తల్లి లేదు, అక్కచెల్లెళ్లు లేరు. చిత్రమంతటిలో ఆమె తన వంటి స్త్రీల సరసన కూర్చునేది ఆ ఆసుపత్రి వరండా బల్ల మీదనే, అక్కడ కూడా ఒకరితో ఒకరు మాట్లాడుకోరు. ఇద్దరు మగవాళ్ల స్నేహానికి యుద్ధంనాటి చరిత్ర ఇచ్చి, డ్రాఫ్ట్స్ బల్ల ఇచ్చి, తెర మీద అంత చోటు ఇచ్చిన రూమ్, ష్క్‌లోవ్‌స్కీలు లుద్మిలాకు ఒక్క స్త్రీ స్నేహాన్ని కూడా ఊహించలేకపోయారు. ఆ బల్ల మీద పక్కన కూర్చున్న అమ్మాయి ఆమెను ఒక్క మాట పలకరించి ఉంటే, కిటికీ అవతలి బిడ్డతో పని లేకుండానే ఆమె లేచి ఉండేదని నా నమ్మకం.